స్పాట్ ఫిక్సింగ్ కేసులు మన కోర్టుల్లో ఎందుకు నిలబడవు? 2000 నుంచి కేపీఎల్ దాకా

మల్లేశ్వరం మూర్తి

నమస్కారం అందరికీ. ఇక్కడ బెంగళూరులో మన తెలుగువాళ్ళ క్రికెట్ గ్రూపుల్లో స్పాట్ ఫిక్సింగ్ (డబ్బు తీసుకుని, మ్యాచ్ మొత్తం కాకుండా ఒక ఓవరో బంతో ముందే అనుకున్నట్టు ఆడటం) మాట వచ్చిందంటే రెండు మాటలే వినిపిస్తాయి. "కోర్టు కొట్టేసింది కదా, అంటే ఏమీ జరగలేదు" అని ఒకరంటారు. "మ్యాచులన్నీ ముందే అనుకుని ఆడేవే" అని ఇంకొకరు. తెలిసినవాళ్ళు కాస్త వివరంగా రాస్తే బాగుంటుందని ఈ చర్చ మొదలుపెడుతున్నాను. నా ప్రశ్నలు మూడు.

ఒక్క ఓవర్లో 14 పరుగులిస్తే బుకీకి ఏం మిగులుతుంది? లార్డ్స్ కేసులో (2010 ఇంగ్లండ్ టెస్టు) 15 నెలలు తిరక్కుండా పాకిస్తాన్ ఆటగాళ్ళను జైలుకు పంపారు, 2013 ఐపీఎల్ కేసు రెండేళ్ళకే ఎందుకు కుప్పకూలింది? మన ఊళ్ళో సీసీబీ (పోలీసుల సెంట్రల్ క్రైమ్ బ్రాంచ్) పట్టుకున్న కేపీఎల్ (కర్ణాటక ప్రీమియర్ లీగ్) కేసు ఏమైంది?

ఒక మనవి: కోర్టులో తేలనివాటిని ఆరోపణ అనే రాయండి.

స్కోర్‌బుక్ ప్రసాద్

మూర్తి గారూ, మొదటి ప్రశ్నకు నేను రాస్తాను.

మ్యాచ్ మొత్తం ఓడించాలంటే కెప్టెన్‌తో పాటు ముగ్గురు నలుగురు కలిసిరావాలి. ఖర్చెక్కువ, ఎవడో ఒకడు నోరు జారే ప్రమాదమూ ఎక్కువే. అందుకే బుకీలకు సెషన్ పందెం మీద మోజు. పవర్‌ప్లే 6 ఓవర్లకు బుకీ "46-48" అని రేటు పలుకుతాడనుకోండి. 48 గానీ అంతకన్నా ఎక్కువ గానీ వస్తాయనేవాడు "యస్" అంటాడు, 46 కూడా రావనేవాడు "నో" అంటాడు. 4 ఓవర్లకు 30 ఉన్నప్పుడు, మిగతా రెండు ఓవర్లకు సుమారు ఎనిమిదేసి చొప్పున లెక్కేసి వచ్చిన రేటు అది. ఐదో ఓవర్లో 14 వస్తాయని ఒకడికి ముందే తెలిస్తే స్కోరు 44 అవుతుంది, ఆరో ఓవర్లో నాలుగు వచ్చినా అతను గెలిచినట్టే. మ్యాచ్ ఎవరు గెలిచినా అతనికి పట్టదు. ఇలాంటి పందెం ఒకే చోట పెడితే అనుమానం వస్తుంది కాబట్టి నాలుగైదు ఊళ్ళలో చిన్న బుకీల దగ్గర చీల్చి వేస్తారు.

ఇందులో అసలు చిక్కు టైము. ఓవరు మొదలయ్యాక రేటు మారిపోతుంది. "ఈ ఓవరే" అన్న సంకేతం మొదటి బంతికి ముందే అందాలి, అందాక పందేలు దింపుకోవడానికి ఒకటి రెండు నిమిషాలు దొరకాలి. ఢిల్లీ పోలీసులు 2013లో చెప్పిన కథంతా దీని చుట్టూనే తిరుగుతుంది.

జయనగర్ రావు

2013 ఐపీఎల్ కేసులోని మూడు మ్యాచులూ వరసగా చెప్పుకుంటే ప్రసాద్ గారి మాట ఇంకా బాగా అర్థమవుతుంది. ఇవన్నీ పోలీసుల ఆరోపణలు. నిందితులు చండీలా, శ్రీశాంత్, చవాన్ ముగ్గురూ రాజస్థాన్ రాయల్స్ బౌలర్లే.

మే 5, జైపూర్, పుణె వారియర్స్‌తో. చండీలా ఒక ఓవర్లో 14 ఇవ్వాలి, ముందుగా ముట్టింది 20 లక్షలు. పరుగులైతే ఇచ్చాడు గానీ, ఒప్పుకున్న సంకేతం ఇవ్వడం మర్చిపోయాడు. సంకేతం రాలేదని బుకీలు పందెం వేయలేదు, ఆ తర్వాత డబ్బు వెనక్కిమ్మని తగాదా పెట్టారు.

మే 9, మొహాలీ, పంజాబ్‌తో. శ్రీశాంత్ రెండో ఓవరు, 40 లక్షలు. మొదటి ఓవర్లో నడుముకు తువ్వాలు లేదు, రెండో ఓవర్లో ఉంది. ఓవరు మొదలుపెట్టే ముందు ఒళ్ళు విరుచుకోవడం, ఫీల్డింగ్ సర్దడం చేసింది బుకీలకు టైము ఇవ్వడానికేనని పోలీసుల వాదన. అనుకున్నది 14, వచ్చినవి 13.

మే 15, వాంఖెడే, ముంబయి ఇండియన్స్‌తో. చవాన్ రెండో ఓవరు, 60 లక్షలు, సంకేతం మణికట్టు బ్యాండ్. 15 పరుగులొచ్చాయి. ఆ రాత్రి దాటకముందే ముగ్గురినీ ముంబయిలో పట్టుకున్నారు.

మొహాలీ లెక్క చూడండి. బౌలర్ నిజంగానే ఒప్పుకున్నాడనుకున్నా పరుగులు అతని ఒక్కడి చేతిలో ఉండవు. ఎంత చెత్త బంతి వేసినా బ్యాట్స్‌మన్ సరిగ్గా ఫీల్డర్ చేతిలోకి కొట్టొచ్చు. ఒక్క పరుగు తగ్గినా పందెం పోతుంది. వైడ్లు, నోబాల్స్ అయితే పూర్తిగా బౌలర్ చేతిలో ఉంటాయి. లార్డ్స్‌లో నోబాల్స్‌నే ఎంచుకోవడానికి కారణం అదే.

వైట్‌ఫీల్డ్ వాసు

రావు గారూ, తువ్వాలు పెట్టుకోవడం కూడా నేరమేనా అని అప్పట్లో అందరూ అడిగారు. చెమట పట్టిన బౌలర్ తువ్వాలు పెట్టుకుంటాడు కదా?

జయనగర్ రావు

పెట్టుకుంటాడు. ఒక్క తువ్వాలు దేనికీ రుజువు కాదు. ఫోన్ సంభాషణలో "ఈ గుర్తు పెట్టుకుంటాడు, ఇన్ని ఇస్తాడు" అన్న మాట ముందు ఉండి, మైదానంలో ఆ గుర్తు తర్వాత కనిపిస్తేనే దానికి విలువ. కానీ ఆ ఫోన్‌లో మాట్లాడింది ఎవరు? బౌలరా, బౌలర్ పేరు చెప్పుకుని బేరమాడే దళారీయా? కేసుకు ఆయువుపట్టు ఈ ప్రశ్నే.

న్యాయవాది లక్ష్మి

రెండో ప్రశ్నకు కాస్త పొడుగ్గానే రాయాలి, ఓపిక పట్టండి.

మన చట్టంలో "ఫిక్సింగ్" అనే నేరం లేదు. ఎక్కడా లేదు. పోలీసులు ఉన్న సెక్షన్లలోకే దాన్ని ఇరికించాలి. అప్పటి ఐపీసీ 420 మోసం, 120-బి కుట్ర. 2024 జూలై 1 నుంచి ఇవే భారతీయ న్యాయ సంహితలో 318(4), 61(2) అయ్యాయి. అంకెలు మారాయంతే, చిక్కు మారలేదు.

420 నిలబడాలంటే మూడు విషయాలు చూపించాలి. ఫలానా వ్యక్తిని మోసపుచ్చారు. ఆ మోసం వల్లే అతను డబ్బో ఆస్తో ఇచ్చాడు. మోసం చేయాలన్న ఉద్దేశం మొదటినుంచీ ఉంది. ఫిక్సింగ్‌లో ఆ "ఫలానా వ్యక్తి" ఎవరు? ప్రేక్షకుడు టికెట్ కొన్నాడు, ఆట చూశాడు. ఫ్రాంచైజీ అంటే, అది ఫిర్యాదీగా నిలబడి ఏ నష్టం జరిగిందో చూపాలి. పందెంలో ఓడినవాడు కోర్టుకు రాడు, వస్తే అతని పందెమే చట్టవిరుద్ధం.

ఈ బలహీనత ఢిల్లీ పోలీసులకూ తెలుసు. అందుకే మకోకా (వ్యవస్థీకృత నేరాలపై ఉన్న కఠిన చట్టం) పెట్టారు. ఆ చట్టం కింద ఎస్పీ స్థాయి అధికారి ముందు ఇచ్చిన వాంగ్మూలం సాక్ష్యంగా చెల్లుతుంది, బెయిలు దొరకడం కష్టం. కానీ దానికి వ్యవస్థీకృత నేరముఠా ఉండాలి, ముఠాపై గత పదేళ్ళలో ఒకటికి మించి ఛార్జిషీట్లు ఉండాలి, నిందితుడికి ఆ ముఠాతో లంకె ఉందని చూపాలి. దావూద్ ఇబ్రహీం, ఛోటా షకీల్ పేర్లు పెట్టింది ఇందుకే. ఎక్కడో విదేశంలో ఉన్నవాడి ముఠాతో ఒక బౌలర్‌కు ముడి ఉందని చూపడం, దళారీ ఫోన్ మాటల మీద అయ్యే పనేనా? 2015 జూలై 25న పటియాలా హౌస్ కోర్టు 36 మంది నిందితులనూ విచారణ దాకా వెళ్ళకుండానే విడుదల చేసింది. పోలీసులు ఢిల్లీ హైకోర్టుకు వెళ్ళారు.

వాసు గారూ, ఇక్కడొక తేడా గమనించాలి. అది విచారణ జరిపి నిర్దోషులని ఇచ్చిన తీర్పు కాదు. ఉన్న ఆధారాలతో ఈ సెక్షన్ల కింద అభియోగం మోపడానికే చాలదన్న ఆదేశం. "ఏమీ జరగలేదని కోర్టు తేల్చింది" అనడమూ తప్పే, "తప్పించుకున్నారు" అనడమూ తప్పే.

ఇందిరానగర్ శ్రీకాంత్

లార్డ్స్ సంగతి నేను అందుకుంటాను. మన కేసుతో పక్కపక్కన పెట్టి చూడాల్సింది దాన్నే.

2010 ఆగస్టులో బ్రిటన్ పత్రిక న్యూస్ ఆఫ్ ద వరల్డ్ విలేఖరి మజర్ మహమూద్ బేరగాడిలా వేషం కట్టి, పాకిస్తాన్ ఆటగాళ్ళ ఏజెంట్ మజర్ మజీద్‌కు 1,50,000 పౌండ్లు ఇచ్చాడు. నోట్ల కట్టలు టేబుల్ మీద పెట్టి లెక్కపెట్టడం రహస్య కెమెరాలో పడింది. మజీద్ ముందే చెప్పాడు: మూడో ఓవరు మొదటి బంతి ఆమిర్ నోబాల్, పదో ఓవరు ఆఖరి బంతి ఆసిఫ్ నోబాల్. రెండూ అలాగే పడ్డాయి. మరో నోబాల్ ఆమిర్ తర్వాత వేశాడు. ఆమిర్ కాలు గీత దాటి ఎంత ముందుకు పడిందంటే కామెంటరీ పెట్టెలో ఉన్నవాళ్ళే నివ్వెరపోయారు. ఆసిఫ్‌ది మాత్రం కొద్దిగానే దాటింది.

పత్రిక ఆ నోట్ల నంబర్లు ముందే రాసిపెట్టుకుంది. పోలీసులు హోటల్ గదులు సోదా చేస్తే ఆ నంబర్ల నోట్లు కెప్టెన్ సల్మాన్ బట్ దగ్గర 2,500 పౌండ్లు, ఆమిర్ దగ్గర 1,500 పౌండ్లు దొరికాయి. మాట, బంతి, నోటు మూడూ ఒకే తాటిమీదికి వచ్చాయి. 2013లో మనవాళ్ళకు లేనిది ఇంత గట్టి గొలుసే.

2011 నవంబరు 3న శిక్షలు పడ్డాయి. బట్‌కు 30 నెలలు, ఆసిఫ్‌కు 12, ఆమిర్‌కు 6, మజీద్‌కు 32. అంతకుముందే, ఫిబ్రవరిలో, ఐసీసీ ట్రిబ్యునల్ బట్‌కు పదేళ్ళు (అందులో ఐదు సస్పెండ్ చేసి), ఆసిఫ్‌కు ఏడు (రెండు సస్పెండ్ చేసి), ఆమిర్‌కు ఐదేళ్ళు నిషేధం వేసింది.

న్యాయవాది లక్ష్మి

శ్రీకాంత్ గారు చెప్పినదానికి చట్టం వైపు నుంచి ఒక ముక్క కలపాలి, ఇది చాలామందికి తెలియదు. ఆ మూడు నోబాల్స్ మీద ఎవరూ పందెం వేయలేదు. ఎవరికీ పైసా నష్టం రాలేదు. మన 420 కింద అయితే కేసు అక్కడే ముగిసేది.

బ్రిటన్‌లో 2005 గ్యాంబ్లింగ్ చట్టంలోని 42వ సెక్షన్ జూదంలో మోసాన్ని విడిగా నేరం చేసింది. మోసం చేసినవాడు గెలిచాడా, గెలిచే అవకాశం పెరిగిందా అన్నది అసలు లెక్కలోకే రాదని అందులోనే రాసుంది. దానికి తోడు లంచం తీసుకునే కుట్ర అభియోగం. మోసపోయినవాణ్ణి వెతికి తెచ్చే పని ప్రాసిక్యూషన్‌కు లేదు. మన దగ్గర కావలసింది ఇలాంటి ఒక్క సెక్షన్. నా బాధంతా ఇదే. పోలీసుల దర్యాప్తు బాగుంటుందో లేదో అది తర్వాతి సంగతి, ముందు నేరానికి పేరంటూ ఉండాలి.

స్కోర్‌బుక్ ప్రసాద్

న్యూస్ ఆఫ్ ద వరల్డ్‌ని ఆకాశానికెత్తే ముందు ఇంకోటి గుర్తుపెట్టుకోవాలి. ఆ పత్రిక ఫోన్ హ్యాకింగ్ గొడవలో 2011 జూలైలో మూతపడింది. మజర్ మహమూద్ కూడా వేరే స్టింగ్ కేసులో సాక్ష్యం తారుమారు చేసే కుట్రకు 2016లో 15 నెలల శిక్ష పడి జైలుకెళ్ళాడు. లార్డ్స్ కేసు ఆయన మాట మీద కాదు, వీడియో, నోట్ల నంబర్ల మీద నిలబడింది.

యలహంక సాయి

పెద్దలకు నమస్కారం. మన హైదరాబాద్ అజహరుద్దీన్ కేసు కూడా ఇలాంటిదేనా? హైకోర్టు నిషేధం కొట్టేసింది కదా.

జయనగర్ రావు

సాయీ, అది వేరే దారి. 2000 ఏప్రిల్ 7న ఢిల్లీ పోలీసులు దక్షిణాఫ్రికా కెప్టెన్ హాన్సీ క్రోన్యే, బుకీ సంజయ్ చావ్లా ఫోన్ సంభాషణ బయటపెట్టారు. బలవంతపు వసూళ్ళ కేసు ఒకటి దర్యాప్తు చేస్తూ ఫోన్లు వింటుంటే ఇది తగిలింది. నాలుగు రోజులకు క్రోన్యే తమ దేశపు బోర్డు పెద్ద అలీ బాకర్‌కు ఫోన్ చేసి తాను పూర్తిగా నిజం చెప్పలేదని ఒప్పుకున్నాడు. దక్షిణాఫ్రికాలో దీనిపై విచారణ జరిపిన కింగ్ కమిషన్ ముందు బయటపడ్డవాటిలో నాగ్‌పూర్ వన్డే ఒకటి. క్రోన్యే జట్టులోని గిబ్స్ 20 లోపు కొట్టాలి, విలియమ్స్ 50కి పైగా ఇవ్వాలి, తలా 15,000 డాలర్లు. గిబ్స్ 53 బంతుల్లో 74 కొట్టాడు, విలియమ్స్ 11 బంతులు వేసి భుజం పట్టేసి వెళ్ళిపోయాడు. అనుకున్నదేదీ జరగలేదు, అయినా ఇద్దరికీ ఆరు నెలల నిషేధం పడింది. ఒప్పుకోవడమే తప్పు. చావ్లాను బ్రిటన్ నుంచి తీసుకురావడానికి 2020 ఫిబ్రవరి దాకా పట్టింది.

ఆ ఊపులోనే సీబీఐ మన ఆటగాళ్ళ మీద నివేదిక ఇచ్చింది, డిసెంబరులో బోర్డు అజహర్‌పై జీవితకాల నిషేధం వేసింది. 2012 నవంబరు 8న ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఆ నిషేధం చెల్లదంది. అప్పటికి ఆయన వయసు 49.

వైట్‌ఫీల్డ్ వాసు

సరే, కోర్టులో నిలబడనిది బోర్డు దగ్గర ఎలా నిలబడుతుంది? ఇది అన్యాయం కాదా? శ్రీశాంత్‌నే చూడండి: ఒకే ఆధారం, ఒకచోట విడుదల, ఇంకోచోట జీవితకాల నిషేధం!

న్యాయవాది లక్ష్మి

మీ కోపం అర్థమైంది గానీ కొలబద్ద వేరు. జైల్లో పెట్టాలంటే సందేహానికి తావు లేకుండా రుజువు కావాలి. ఆట నుంచి తప్పించడానికి అంత అక్కర్లేదు. ఐసీసీ అవినీతి నిరోధక నియమావళిలో ట్రిబ్యునల్‌కు "తృప్తికరంగా" అనిపిస్తే చాలు, ఆరోపణ ఎంత తీవ్రమైనదైతే అంత గట్టి రుజువు అడుగుతారు.

అయితే శిక్ష కొలతలో బోర్డు పొరబడిందని నేనూ అంటాను. 2019 మార్చి 15న సుప్రీంకోర్టు కూడా శ్రీశాంత్ తప్పు చేయలేదనలేదు. జీవితకాల నిషేధం ఎందుకో బోర్డు చెప్పలేకపోయింది, మళ్ళీ ఆలోచించండి అంది. బోర్డు అంబుడ్స్‌మన్ (ఫిర్యాదులపై తేల్చే అధికారి) జస్టిస్ డి.కె. జైన్ దాన్ని ఏడేళ్ళకు తగ్గించారు. 2020 సెప్టెంబరులో అది ముగిసింది, 2021 జనవరిలో శ్రీశాంత్ కేరళకు ఆడాడు.

ఇందిరానగర్ శ్రీకాంత్

చెన్నై, రాజస్థాన్ జట్ల రెండేళ్ళ సస్పెన్షన్‌ను కూడా చాలామంది ఫిక్సింగ్ శిక్ష అనుకుంటారు. అది ఫిక్సింగ్‌కు కాదు, జట్టువాళ్ళ పందేలకు. బిగ్ బాస్ హిందీ మూడో సీజన్ విజేత విందూ దారాసింగ్‌ను 2013 మే 21న, గురునాథ్ మెయ్యప్పన్‌ను మే 24న ముంబయి పోలీసులు పట్టుకున్నారు. గురునాథ్ బోర్డు అధ్యక్షుడు శ్రీనివాసన్ అల్లుడు. చెన్నై జట్టు అతనికి మాతో పెద్ద సంబంధం లేదంది, సుప్రీంకోర్టు వేసిన జస్టిస్ ముద్గల్ కమిటీ అతను జట్టు అధికారేనని తేల్చింది. 2015 జూలై 14న సుప్రీంకోర్టే వేసిన లోధా కమిటీ రెండు జట్లనూ రెండేళ్ళు పక్కన పెట్టింది, గురునాథ్‌ను, రాజస్థాన్ సహ యజమాని రాజ్ కుంద్రాను జీవితకాలం నిషేధించింది.

మల్లేశ్వరం మూర్తి

కేపీఎల్ సంగతి ఎవరూ ఎత్తలేదు. మన ఊరి కేసు అదే కదా.

న్యాయవాది లక్ష్మి

వస్తున్నా మూర్తి గారూ. 2019లో బెంగళూరు సీసీబీ వరసగా అరెస్టులు చేసింది: బెళగావి జట్టు యజమాని, ఒక బౌలింగ్ కోచ్, బుకీలు, ఆటగాళ్ళు. 20 బంతుల్లో 10 లోపే పరుగులు తీయాలని ఒక బ్యాట్స్‌మన్‌తో బేరం కుదిరిందన్నది ఒక ఆరోపణ. మైసూరులో జరిగిన 2019 ఫైనల్లో నెమ్మదిగా ఆడటానికి బళ్లారి జట్టులో ఇద్దరికి 20 లక్షలు ముట్టాయన్నది ఇంకోటి. ఆ ఫైనల్లో బళ్లారి 8 పరుగుల తేడాతో ఓడింది.

2022 జనవరి 10న కర్ణాటక హైకోర్టు కేసు కొట్టేసింది. ప్రేక్షకులు టికెట్ కొన్నారు కాబట్టి వాళ్ళే మోసపోయారని ప్రభుత్వం వాదించింది. మోసపోయామని వాళ్ళకు అనిపించొచ్చు గానీ, టికెట్ వాళ్ళంతట వాళ్ళు కొన్నదే, ఆటగాడు కొనిపించలేదు కాబట్టి 420 వర్తించదంది కోర్టు. ఫిక్సింగ్ ఆటగాడి అనైతికతను చూపిస్తుంది, చర్య తీసుకోవాల్సింది బోర్డు అంది. కర్ణాటక పోలీసు చట్టంలోని జూదం నిర్వచనంలోంచి క్రీడలను మినహాయించారన్నది ఇంకో కారణం. ప్రభుత్వం సుప్రీంకోర్టుకు వెళ్ళింది.

అంటే మన రాష్ట్రంలో ఇప్పుడున్న తీర్పు ప్రకారం డబ్బు తీసుకుని నెమ్మదిగా ఆడటం 420 కింద నేరం కాదు. శ్రీలంక 2019 నవంబరులోనే పదేళ్ళ దాకా జైలు పడేలా చట్టం తెచ్చుకుంది. మన దగ్గర 2013లో ఒక ముసాయిదా బిల్లు వచ్చి ఆగిపోయింది. 2018 జూలైలో లా కమిషన్ 276వ నివేదిక ఫిక్సింగ్‌ను విడిగా నేరం చేయమని చెప్పింది, ఇంకా పుస్తకంలోనే ఉంది.

స్కోర్‌బుక్ ప్రసాద్

అదే నివేదిక, బెట్టింగ్‌ను అరికట్టలేకపోతే నియంత్రించి నడపమని కూడా అంది. నేను దానితో ఏకీభవిస్తాను. లైసెన్సున్న కంపెనీ దగ్గర పందెం రికార్డవుతుంది, ఒక నోబాల్ మీద అకస్మాత్తుగా లక్షలు పడితే కనిపిస్తుంది. నోటిమాట మీద, హవాలా మీద నడిచే పందేనికి ఏ రికార్డూ ఉండదు.

జయనగర్ రావు

ప్రసాద్ గారూ, నేను ఒప్పుకోను. బ్రిటన్‌లో లైసెన్సు బెట్టింగ్ ఉన్నా మజీద్ బేరం పెట్టింది ఇటువైపు బజారును చూసే. లైసెన్సు కంపెనీలు ఒక్క నోబాల్ మీద పెద్ద పందెం తీసుకోవు, అలాంటి పందేలు ఎప్పుడూ చీకట్లోనే ఉంటాయి. 2025 ఆగస్టులో కేంద్రం డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలనే నిషేధించింది, కాబట్టి నియంత్రణ మాట ఇప్పట్లో రాదు కూడా. లక్ష్మి గారన్న ఆ ఒక్క సెక్షన్ చాలు.

యలహంక సాయి

మా తమ్ముడు అండర్-19 స్థాయిలో లీగ్ క్రికెట్ ఆడుతున్నాడు. ఎవరైనా ఇలా మాట కలిపితే ఏం చేయాలో ఎవరైనా చెప్తారా? పెద్ద ఆటగాళ్ళకైతే అధికారులుంటారు, పిల్లలకు ఎవరుంటారు?

ఇందిరానగర్ శ్రీకాంత్

సాయీ, మొదట ఒకటి బాగా తెలియాలి. డబ్బు తీసుకోకపోయినా, బేరానికి ఒప్పుకోకపోయినా, అడిగిన సంగతి చెప్పకపోతే అదే నేరం. ఐసీసీ నియమావళి 2.4.4 అదే. షకీబ్ అల్ హసన్‌కు 2019 అక్టోబరులో రెండేళ్ళ నిషేధం (ఒక ఏడాది సస్పెండ్ చేసి) పడింది దానికే. అందులో ఒక సంప్రదింపు 2018లో సన్‌రైజర్స్ హైదరాబాద్ మ్యాచ్ గురించి. రాజస్థాన్ కేసులో సిద్ధార్థ్ త్రివేదికి ఏడాది నిషేధమూ చెప్పనందుకే. జింబాబ్వే బ్రెండన్ టేలర్ నాలుగు నెలలు ఆలస్యంగా చెప్పాడు, అప్పటికే 15,000 డాలర్లు తీసుకుని ఉన్నాడు, మూడున్నరేళ్ళు పడ్డాయి.

మీ తమ్ముడికి చెప్పాల్సినవి ఇవి. బేరం మొదట్లో బేరంలా ఉండదు. అభిమానినంటూ మెసేజ్, ఒక జత బూట్లు, బ్యాట్ స్పాన్సర్‌షిప్, ఊరికే ఒక విందు. తర్వాత "రేపు టాస్ గెలిస్తే ఏం చేస్తారు, ఎవరు ఆడట్లేదు" అన్న ప్రశ్న. ఆ ప్రశ్న వచ్చిందంటే బేరం వచ్చినట్టే. జట్టు లోపలి సమాచారం ఇవ్వడం కూడా విడిగా నేరమే.

అలాంటి మెసేజ్ వస్తే చెరిపేయొద్దు. షకీబ్ కేసులో కొన్ని మెసేజ్‌లు చెరిపేసి ఉండటం కూడా దర్యాప్తువాళ్ళు గమనించారు. స్క్రీన్‌షాట్ తీసి, తేదీ, టైము, నంబరు రాసిపెట్టుకోవాలి. "వద్దు" అని ఒక్కమాట రాసి ఆపేయాలి, వాదనకు దిగొద్దు, వాడి గుట్టు లాగుదామని మాటలు పెంచొద్దు. అలా పెంచిన మాటలే రేపు తనమీదకు తిరుగుతాయి. డ్రెస్సింగ్ రూములో తోటివాళ్ళకు చెప్పొద్దు, వాళ్ళలో ఎవరిని ముందే కలిశారో తెలియదు. ఆ రోజే కోచ్‌కు కాకుండా నేరుగా టోర్నీ అవినీతి నిరోధక అధికారికి చెప్పాలి. అలాంటివారు లేని చిన్న లీగ్ అయితే రాష్ట్ర సంఘానికి, బీసీసీఐ అవినీతి నిరోధక విభాగానికి రాతపూర్వకంగా పంపాలి.

న్యాయవాది లక్ష్మి

రాతపూర్వకంగా అన్నది గట్టిగా పట్టుకో సాయీ. ఈమెయిల్ పంపి, అందినట్టు వచ్చిన జవాబును ప్రింటు తీసి ఇంట్లో దాచు. తమ్ముడు మైనరైతే మీ నాన్నగారి పేరుతో పంపండి. కేపీఎల్ కేసులో బౌలింగ్ కోచ్ కూడా నిందితుడే కాబట్టి కోచ్ ద్వారా వద్దని శ్రీకాంత్ గారు చెప్పింది సరైన మాట.

యలహంక సాయి

ధన్యవాదాలు అన్నా, మేడం. తమ్ముడి వయసు 17. ఈ రాత్రే నాన్నకు చదివి వినిపిస్తాను. వాడికి బ్యాట్ ఇస్తానన్న అకౌంటు ఒకటుంది ఇన్‌స్టాలో, దాన్నీ చూస్తాం.

ఇందిరానగర్ శ్రీకాంత్

బ్లాక్ చేసే ముందు స్క్రీన్‌షాట్లు తీయండి. ప్రొఫైల్ పేజీ, యూజర్ పేరు కూడా రావాలి. ఆ పేర్లు రోజుకొకటి మారుస్తుంటారు.